కుడివైపు ఏడు మీటలు

మూడో స్క్రూ కదలనంటోంది. సైదయ్య దాన్నీ, దాన్ని బిగించినవాణ్ణీ, వాణ్ణి కన్నవాళ్లనూ కలిపి ఒకే తిట్టు తిట్టి, దాని తల మీద కొబ్బరినూనె చుక్క వేశాడు. పొద్దున ఏడు కూడా కాలేదు. సూర్యాపేటలో ఖమ్మం రోడ్డు మీదున్న ఆ మైక్‌సెట్ దుకాణం షట్టర్ సగమే లేపి ఉంది. కింది నుంచి వచ్చే వెలుతురులో చాప పరుచుకుని, ఈక్వలైజర్‌ను ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. యాభై ఆరేళ్ల మనిషి, బక్కపలచన. కుడి భుజం ఎడమదాని కంటే రెండు వేళ్లు కిందికి ఉంటుంది. స్పీకర్ పెట్టెలు మోసిన భుజం అది.

ఆ ఈక్వలైజర్ మూరెడు పొడుగుంటుంది. నల్లటి రేకు ముఖం మీద నిలువునా సన్నటి సందులు, ఒక్కో సందులో పైకీ కిందికీ జరిగే ఒక్కో మీట, మొత్తం ముప్పై ఒకటి. ఎడమ చివరన ఉన్నవి బేస్, గుండె మీద గుద్దే బరువు చప్పుడు. నడుమ ఉన్నవి మనిషి గొంతు. కుడి చివరన ఉన్నవి సన్నటి చప్పుళ్లు: గజ్జెలు, గాజులు, మాటలో అక్షరాల అంచులు. పైకి తోస్తే పెరుగుతుంది, కిందికి లాగితే తగ్గుతుంది. చెప్పుకోవడానికి ఇంతే విద్య. అది నేర్వడానికి తనకు ముప్పై నాలుగేళ్లు పట్టిందనీ, ఇప్పుడొచ్చే డీజేగాళ్లకు ముప్పై నిమిషాలు కూడా పట్టడం లేదనీ సైదయ్య రోజుకోసారైనా తిడతాడు. ఎడమవైపువన్నీ పైకి తోసి, నడిమివన్నీ కిందికి తొక్కేస్తే వాళ్ల పని అయిపోయినట్టే. నడుమ ఉండేది మనిషి గొంతురా, దాన్ని తొక్కి ఇంకేం వింటార్రా అని అడిగితే నవ్వుతారు.

బేస్ పేరెత్తితేనే అతనికి ఒళ్లు మండుతుంది. పెళ్లి బరాత్‌లో పెళ్లికొడుకు బావమరుదులు తూలుకుంటూ వచ్చి "బేస్ పెంచు కాకా, బేస్" అని మీద పడతారు. వద్దంటే చెయ్యి పెట్టి వాళ్లే తోసేస్తారు. అందుకే ఎడమవైపు మొదటి ఆరు సందుల్లో, మీటలకు కాస్త పైన, ఆరు అగ్గిపుల్ల ముక్కలు నిటారుగా గుచ్చి పెట్టాడు. ఎర్రటి తలలు బయటికి కనిపిస్తుంటాయి. పుల్ల అడ్డం ఉంటే మీట పైకి పోదు. ఎంత తాగినవాడైనా రెండుసార్లు తోసి చూసి, ఇది ఖరాబైందనుకుని వెళ్లిపోతాడు. సైదయ్యకు బీడీ, సిగరెట్ అలవాటు లేదు. అయినా చొక్కా జేబులో అగ్గిపెట్టె ఎప్పుడూ ఉంటుంది.

ఈ ఉపాయం అతనికి నేర్పింది లింగన్న. దుకాణం లింగన్నదే. ఆత్మకూరు నుంచి ఇరవై రెండేళ్ల వయసులో సైకిలు మీద వచ్చిన సైదయ్యను పనిలో పెట్టుకున్నదీ, మైకు పట్టుకోవడం దగ్గర నుంచి అన్నీ నేర్పిందీ లింగన్నే. ఆయన చనిపోయి ఇవాళ్టికి పదకొండో రోజు. మోతె పక్కన సొంతూళ్లో ఇవాళ పెద్దకర్మ. భోజనాలకు ముందు లింగన్న గొంతు అందరికీ వినిపించాలని ఇంటివాళ్లు అనుకున్నారు. ఎప్పటిదో పెద్దగట్టు జాతరలో ఎవరో క్యాసెట్లో పట్టిన గొంతు అది, ఇప్పుడు పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కింది. దాన్ని వినిపించాల్సింది సైదయ్య.

అందుకే ఈ స్క్రూల పని పెట్టుకున్నాడు. ఈ పెట్టెలో కుడి చివరి ఏడు మీటలు ఐదేళ్లుగా పాడయ్యాయి. సగం దాకా వచ్చి ఆగిపోతాయి, ఆపైకి ఎంత తోసినా పోవు. బాగు చేస్తానని సైదయ్య ఎన్నిసార్లు పెట్టె ముందేసుకున్నా లింగన్న ముట్టనివ్వలేదు. "గవ్విటి జోలికి పోకు సైదా, ఇప్పితే మొత్తం పోతది" అనేవాడు. పెద్దాయన మాట కాదనలేక ఐదేళ్లు కుంటి పెట్టెతోనే నెట్టుకొచ్చాడు. మాటలు మొద్దుగా, దుప్పటి కప్పుకుని మాట్లాడినట్టు వస్తుంటే పళ్లు నూరుకుంటూ ఊరుకున్నాడు. ఇవాళ మాత్రం ఊరుకోదలుచుకోలేదు. ముప్పై నాలుగేళ్లు ఊళ్లకు ఊళ్లు విన్న గొంతును చివరిసారి దుప్పటి కప్పి వినిపిస్తారా?

స్క్రూ వదిలింది. రేకు ముఖం ఊడింది. సైదయ్య కళ్లజోడు పైకి లాక్కుని కుడివైపు సందుల్లోకి చూశాడు. అక్కడ దుమ్ము లేదు, తుప్పు లేదు. మీటల పైన, సందు పొడుగునా, లోపలికి నొక్కి పడుకోబెట్టినట్టు పుల్లలు ఉన్నాయి. కాలి నల్లబడిన అగ్గిపుల్లలు. నల్లటి రేకులో నల్లగా కలిసిపోయి ఇన్నేళ్లూ కనపడలేదు. సూదితో ఒక్కొక్కటే పీకి అరచేతిలో వేసుకుంటుంటే అరికాలి మంట నెత్తికెక్కింది. సిగరెట్లు తాగి పుల్లలు ఇందులో పడేశారన్నమాట! మనిషి గొంతును పలికించే మిషన్ ఇది, చెత్తకుండీ అనుకున్నారా?

ఏడు పుల్లలనూ పారేయలేదు. సాక్ష్యం కావాలి. అగ్గిపెట్టెలో వేసి జేబులో పెట్టుకున్నాడు. కుడివైపు మీటలు ఒక్కొక్కటే తోసి చూశాడు. ఏడూ వెన్నలో వేలు పెట్టినట్టు పై దాకా పోయాయి. పదకొండు రోజుల తర్వాత మొదటిసారి అతనికి కొంచెం సంతోషం కలిగింది.

లింగన్న కొడుకు శ్రీనాథ్ షట్టర్ పూర్తిగా లేపి లోపలికి వచ్చాడు. నున్నగా గొరిగిన గుండు, తెల్ల లుంగీ, చేతిలో రెండు ఫోన్లు. ఊడిన రేకు చూసి ఆగిపోయాడు.

"కాకా, గది ఎందుకిప్పినవ్? నాయిన ముట్టుకోవద్దన్నడు గద."

"మీ నాయిన మంచోడు, ఎవ్వన్ని ఏమనలేక ఊకున్నడు. మీ డీజేగాళ్ల నిర్వాకం ఇది. తాగి పుల్లలన్ని ఇందులనే కుక్కిన్రు."

"ఎవడు కుక్కుతడు కాకా?" శ్రీనాథ్ నుదురు రుద్దుకున్నాడు. "సరే తియ్. ఇయ్యాల మా అత్తగారోళ్లు కోదాడకెళ్లి వస్తున్రు, మిర్యాలగూడ మామోళ్లు వస్తున్రు. సౌండ్ నిండుగ ఉండాలె. బేస్ జర పెంచు. నువ్వు బేస్ ఇయ్యవని ఇప్పటికే ఊరంత అంటున్రు. ఇయ్యాల ఒక్క మాటొచ్చినా రేపటిసంది నువ్వు కౌంటర్ల కూసుంటవ్, మిషన్ ముట్టవ్. ముందే చెప్తున్న."

"కౌంటర్ల కూసుండనీకి నేనేమన్న దిష్టిబొమ్మనా?"

శ్రీనాథ్ ఏదో గొణిగి ఫోన్ ఎత్తుకుని బయటికి వెళ్లాడు. ఈమధ్య అందరూ గొణిగేవాళ్లే. పొద్దున టీ ఇస్తూ భార్య తిరుపతమ్మ కూడా నోట్లో నోట్లోనే ఏదో అంది. నోరు తెరిచి మాట్లాడమని కసిరితే, దగ్గరికి వచ్చి చెవి మీద అరిచింది: "అన్నకు దండం పెట్టుకొని రా, ఎవ్వరితోని కొట్లాట పెట్టుకోకు అంటున్న!" పెళ్లైన కొత్తలో ఆమె గొంతు ఎంత స్పష్టంగా ఉండేది! వయసు మీద పడితే మనుషులకు మాట కూడా అరిగిపోతుందేమో అనుకున్నాడు.

స్పీకర్లు ట్రాలీ ఆటోలోకి ఎక్కించి, ఈక్వలైజర్‌ను మాత్రం తువ్వాలలో చుట్టి ఒళ్లో పెట్టుకుని, డ్రైవర్ హన్మా పక్కన కూర్చున్నాడు. హన్మాది మోతె దగ్గరి తండా. నలభై ఏళ్లుంటాయి. అతను పాట పెడితే సీటు కింద డబ్బా స్పీకర్ దడదడలాడింది. సైదయ్య చెయ్యి చాచి దాన్ని ఆపేశాడు.

"పాటంటే పదం ఇనవడాలె. ఇదేంది, రోకలితోని దంచినట్టు."

"ఊకె గట్లనే ఉండనియ్యి కాకా, నిద్ర రాదు" అన్నాడు హన్మా. మళ్లీ పెట్టలేదు.

రోడ్డుకు రెండు వైపులా నాట్లు పడుతున్నాయి. మోకాళ్ల దాకా బురదలో ఆడవాళ్లు వరసగా వంగి ఉన్నారు. చెరువు గట్టు కింద తుమ్మచెట్టుకు గిజిగాళ్ల గూళ్లు వేలాడుతున్నాయి.

"గూళ్లే ఉన్నయ్. పిట్ట లేదు, పిట్ట కూత లేదు. మందులు కొట్టి కొట్టి అన్నిట్ని సంపిన్రు. మా ఇంటి సూరు కింద పిచ్చుకలు గూడ సప్పుడు బందు జేసినయ్. కలికాలం" అన్నాడు సైదయ్య.

హన్మా అతని వైపు ఒకసారి చూశాడు. తుమ్మచెట్టు వైపు ఒకసారి చూశాడు. ఏదో అన్నాడు. ఇంజన్ చప్పుడులో అది వినిపించలేదు.

ఈ చెవులతోనే కదా, అనుకున్నాడు సైదయ్య, సూర్యాపేట నుంచి కోదాడ దాకా, అటు మిర్యాలగూడ దాకా ఊరూరూ తిరిగింది. జీపు ముందు సీట్లో మైకు పట్టుకుని లింగన్న. జీపు పైన, బిగింపు ఊడిన హారన్ స్పీకర్‌ను రెండు చేతులతో కౌగిలించుకుని సైదయ్య. సర్కస్ వచ్చిందని, విత్తనాలు వచ్చాయని, రేపు కరెంటు ఉండదని, పశువులకు సూదులు వేస్తారని లింగన్న చెప్పిన ప్రతి మాటా సైదయ్య చెంప పక్క నుంచే లోకంలోకి పోయింది. మిర్యాలగూడ రైసుమిల్లుల సందుల్లో ఆ గొంతు గోడకు కొట్టుకుని తిరిగి వచ్చేది. ఇంటికొచ్చాక రెండు గంటలసేపు చెవుల్లో గుయ్యిమనేది. అది తమ వృత్తిలో మామూలే అనుకున్నారు. మేదరి చేతికి ఈనె గుచ్చుకోదా?

ఇన్నేళ్లలో అతనికి ఒక్కచోటే మాట పడింది. పోయిన శ్రావణంలో కోదాడలో ఓ ఫంక్షన్ హాల్లో పెళ్లి. హాలువాళ్ల సొంత సెట్టు, కొత్త మిషన్. కుడివైపు మీటలన్నీ పైకి పోతున్నాయి కదా అని ఆశపడి బాగా తోశాడు. పురోహితుడి మాట అద్దంలో చూసినట్టు వినిపించింది. అంతలో పెళ్లికూతురి తండ్రి పరుగెత్తుకొచ్చాడు. "ఏంటయ్యా ఇది, చెవుల్లో సూదులు పెట్టి పొడుస్తున్నావు! ఆపెయ్యవయ్యా బాబూ!" అని వందమందిలో చెయ్యి పట్టి లేపేశాడు. వాళ్లకు బేస్ కావాలి, మాట అక్కర్లేదు. చెవిటోడి ముందు శంఖం ఊదినట్టే అని ఆ రాత్రి లింగన్న దగ్గర రుసరుసలాడాడు. లింగన్న అంతా విని, బీడీ మీద బీడీ రెండు తాగి, "ఇగ బయటి సెట్లు ముట్టకు సైదా. మన సెట్టే మనకు" అన్నాడు.

ఊళ్లో ఇంటి ముందు షామియానా వేశారు. గొర్రెల దొడ్డి పక్కన పొయ్యిల మీద మటన్ ఉడుకుతోంది. నిలువెత్తు ఫ్లెక్స్‌లో లింగన్న నవ్వుతున్నాడు. సైదయ్య దాని ముందు నిలబడి దండం పెట్టబోయి, చేతులు దించేశాడు. లింగన్న కుడి చెవి మీద ఎప్పుడూ ఒక బీడీ ఉండేది. నిద్రపోయేటప్పుడు కూడా ఉండేది. ఫొటోలో బాగుండదని ఫ్లెక్స్ వాళ్లు దాన్ని చెరిపేశారు. బీడీ లేని ఆ చెవి బోడిగా ఉంది.

"ఎవడు సెరిపేయమన్నడురా దీన్ని?" అని అరిచాడు. కుర్చీలు వేస్తున్నవాళ్లు తలెత్తి చూసి తమ పనిలో పడ్డారు.

పదకొండు గంటలకల్లా వైర్లు లాగి, రెండు వైపులా స్పీకర్లు నిలబెట్టి, ఓ మూల బల్ల మీద మిషన్లు సర్దుకున్నాడు. ఎడమవైపు ఎర్ర తలల పుల్లలు సరిచూశాడు. నడిమి మీటలు వేలి కొసలతో ఒక్కొక్కటే జరిపాడు. మైకు తీసి, "హలో... హలో" అన్నాడు. కుడివైపువి పైకి తోశాడు. "హలో." ఇంకొంచెం తోశాడు. మెల్లగా పొర తొలగినట్టు మాటకు అంచు వచ్చింది. అది, అదీ లెక్క! అతని ఒళ్లు పులకరించింది. పొయ్యి దగ్గర ముసలాయన ఒకాయన చెవిలో వేలు పెట్టుకోవడం కనిపించింది. ఎవరి చంకలోనో పసిపాప ముఖమంతా నోరు చేసుకుని ఏడుస్తోంది. హన్మా వచ్చి చెయ్యి కిందికి ఊపుతూ, "కాకా, జర తగ్గియ్యి" అన్నాడు.

"పో, పోయి బువ్వ తిను. బేస్ పిచ్చిగాళ్లు మీరంత."

జనం నిండారు. కోదాడవాళ్లు, మిర్యాలగూడవాళ్లు ముందు వరుస కుర్చీల్లో కూర్చున్నారు. లింగన్న భార్య బక్కమ్మను తీసుకొచ్చి ఫ్లెక్స్ పక్కన చాప మీద కూర్చోబెట్టారు. పొట్టి మనిషి, తెల్లగా నెరిసిన వెంట్రుకలు, బోసి చేతులు. శ్రీనాథ్ సైగ చేశాడు. సైదయ్య ప్లే బటన్ నొక్కాడు.

జాతర హోరు, భేరీల దెబ్బలు, దాని మీద లింగన్న గొంతు లేచింది.

"భక్తులార, జర ఇనుండ్రి. ఎర్ర గౌనేసుకున్న పాప మైకు కాడ ఉన్నది. మూడేండ్లుంటయ్. పేరు కృప అని చెప్తున్నది. పాప ఏడుస్తలేదు, పుట్నాలు తింటున్నది. ఓ తల్లీ, నువ్వు గూడ ఏడ్వకు. ఉరకకు, కింద పడ్తవు. నిమ్మళంగ నడుసుకుంట రా. పాప నా తాననే ఉన్నది."

ఆ మాటలు పలుకు పలుకూ సైదయ్యకు కంఠతా వచ్చు. ఆ రోజు ఆ పాపకు పుట్నాలు కొని తెచ్చింది తనే. కళ్లు మూసుకుని విన్నాడు. ప్రతి అక్షరం విడివిడిగా రాలుతోంది. చూడు అన్నా, నీ గొంతును ఎట్లా నిలబెట్టానో చూడు, అనుకున్నాడు. కళ్లు తెరిచాడు.

ముందు వరుసలో అందరూ తలలు వంచుకుని చెవులు మూసుకున్నారు. వెనక ఆడవాళ్లు కొంగులు చుట్టుకున్నారు. దొడ్డిలో గొర్రెలు ఒక మూలకు తొక్కుకుంటున్నాయి. చాప మీద బక్కమ్మ, తన పెనిమిటి గొంతు వినపడకుండా, రెండు అరచేతులూ చెవులకు గట్టిగా నొక్కిపెట్టుకుని కూర్చుంది.

శ్రీనాథ్ ఉరికొచ్చాడు. "ఏందిది కాకా! గీ కీసుడేంది? మా నాయినను ఇనకుండ చేస్తున్నవ్!" అంటూ మీటల మీద చెయ్యి వేశాడు. సైదయ్య ఆ మణికట్టును ఒడిసి పట్టుకున్నాడు.

"ముట్టుకుంటే చెయ్యి ఇరుగుతది. ఎవని నాయినరా? ఆయన గొంతు నాకంటె నీకు తెలుసా?"

"నీకు సమజైతలేదా? చెవులు కోస్తున్నయ్! గవి ఎందుకు పైకి తోసినవ్, ఎన్నడన్న తోసినవా?"

"ఎన్నడు తోసిన? మీ తాగుబోతులు పుల్లలు కుక్కితే యాడ తోస్తరు? సూడు! సూడు ఇవి!" జేబులో అగ్గిపెట్టె తీసి బల్ల మీద బోర్లించాడు. నల్లటి పుల్లలు ఏడూ చెల్లాచెదరుగా పడ్డాయి.

శ్రీనాథ్ వాటిని చూసి, అర్థం కాక, "మావోళ్లంత లైటర్లు వాడుతరు కాకా. అగ్గిపుల్లలు ఎవడు ముడ్తడు?" అన్నాడు.

నిజమే. లైటర్లే. ఆ డీజేగాళ్లు దుకాణంలోకి వచ్చింది కూడా రెండేళ్ల కిందట. ఈ మీటలు ఆగిపోయింది ఐదేళ్ల కిందట. పుల్లల వైపు చూశాడు. ఏడింటినీ గోళ్లు తీసే కత్తెరతో కత్తిరించినట్టు కొసలు నున్నగా ఉన్నాయి. ఒక్కోటి ఒక్కో పొడుగు. చెత్త పడేసేవాడు కొలిచి కత్తిరించడు. తెల్ల పుల్ల అయితే నల్లరేకు మీద కనపడుతుంది. బీడీ ముట్టించి, కాలిన పుల్లను ఊది, చల్లార్చి, ఒక్కో మీటను చెవితో చూసి, ఎక్కడ ఆగాలో అక్కడికి కొలిచి పెట్టినవాడు ఒక్కడే ఉన్నాడు. ఈ విద్య తెలిసినవాడు ఒక్కడే ఉన్నాడు. అతని చెవి మీద బీడీని ఫ్లెక్స్ వాళ్లు చెరిపేశారు.

శ్రీనాథ్ ఎప్పుడో ప్లగ్ పీకేశాడు. బక్కమ్మ లేచి వచ్చి సైదయ్య పక్కన నిలబడింది. అతని చెవి దగ్గర నోరు పెట్టి, పొలంలో దూరంగా ఉన్నవాళ్లతో మాట్లాడినట్టు గట్టిగా అంది.

"గవి మీ అన్న పెట్టినయే సైదయ్య. నీకు సన్నటి సప్పుడు ఇనవడ్తలేదని ఐదేండ్ల కిందనే ఎర్కబట్టిండు."

"నాకెందుకు చెప్పలే?"

"చెప్తె మైకు ఇడిసిపెడ్తవన్నడు. ఇడిసిపెడ్తె బతకవన్నడు. నేను మస్తుసార్లు చెప్పమన్న. తిరుపతమ్మ గూడ కాళ్లమీద పడ్డట్టు అడిగింది."

తిరుపతమ్మకు తెలుసు. హన్మాకు తెలుసు. తుమ్మచెట్టు వైపు చూసి అతను ఏమన్నాడో ఇప్పుడు తెలిసింది. లోకమంతా గొణుగుతోందని లోకాన్నంతా తిడుతూ తిరిగాడు. కోదాడలో ఆ పెళ్లికూతురి తండ్రి నిజంగానే బాధపడ్డాడు. ఈ ఐదేళ్లలో ఎన్ని పెళ్లిళ్లు, ఎన్ని సభలు! ఎక్కడా మాట రాకుండా ఈ ఏడు పుల్లలు తనను కాస్తుంటే, పెట్టె కుంటిదని లింగన్న ముఖం మీదే విసుక్కున్నాడు. ఆయన నవ్వి ఊరుకునేవాడు. ఆ నవ్వు గుర్తుకొచ్చేసరికి సైదయ్యకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. పుట్టినప్పటి నుంచీ ఎవరి మీదా రానంత కోపం వచ్చింది.

గబగబా వెళ్లి ఫ్లెక్స్ ముందు నిలబడ్డాడు.

"నన్ను చెవిటోన్ని చేసి కూసోబెట్టినవురా! పోరగాన్ని ఆడిచ్చినట్టు ఆడిచ్చినవు! చెప్పి సావొచ్చు గదరా, చెప్పి సావొచ్చు గద!"

ముప్పై నాలుగేళ్లలో ఆ మనిషిని 'రా' అనడం అదే మొదటిసారి. ఎవరో అతని భుజం పట్టుకోబోతే బక్కమ్మ చేత్తో వారించింది. అతను ఎగరొప్పుకుంటూ నిలబడ్డాడు. షామియానా అంచున, నేల మీద ఒలికిన బియ్యం గింజల చుట్టూ పిచ్చుకలు నాలుగైదు చేరాయి. ఒకటి తల ఎత్తి ముక్కు తెరుస్తోంది, మూస్తోంది, మళ్లీ తెరుస్తోంది. దాని గొంతు కింద ఈకలు అదురుతున్నాయి. సైదయ్య చాలాసేపు దాన్నే చూశాడు. దాని నుంచి ఏ చప్పుడూ రావడం లేదు.

తిరిగి బల్ల దగ్గరికి వచ్చాడు. పుల్లలు ఏరుకున్నాడు. పొద్దున అన్నీ కలిపి పెట్టెలో వేశాడు కాబట్టి ఏది ఏ సందుదో ఇప్పుడు తెలియదు. తన చెవి చెప్పదు.

"వదినె, గీడ నిలవడు" అన్నాడు. "నేను ఒక్కొక్కటి కింది నుంచి పైకి తోస్త. చెవి నొవ్వంగనే చెయ్యెత్తు."

శ్రీనాథ్ ప్లగ్ పెట్టాడు. లింగన్న గొంతు మళ్లీ లేచింది. బక్కమ్మ ఎదురుగా నిలబడి, కొంగు నడుముకు దోపుకుని, కళ్లు చిట్లించి వింది. సైదయ్య ఆమె ముఖం మీంచి చూపు తిప్పకుండా మీట తోశాడు. ఆమె చెయ్యి లేచింది. అక్కడ ఆపి, పైన మిగిలిన సందుకు సరిపోయే పుల్లను వెతికి, స్క్రూడ్రైవర్ మొనతో నొక్కాడు. రెండోది. మూడోది. ఎర్ర గౌను పాప నాలుగుసార్లు తప్పిపోయింది, నాలుగుసార్లు దొరికింది. ఏడో పుల్ల ఏడో సందులో సరిగ్గా పట్టింది, వెంట్రుకవాసి కూడా తేడా లేదు. అతని వేళ్లకు మసి అంటింది.

చివరిసారి మొదటి నుంచి పెట్టాడు. అతనికి ఆ గొంతు మళ్లీ దుప్పటి కప్పుకుని, ఎక్కడో దూరం నుంచి వచ్చింది. కానీ ముందు వరుసలో చేతులు చెవుల మీంచి దిగాయి. పొయ్యి దగ్గరి ముసలాయన గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. ఓ తల్లీ, నువ్వు గూడ ఏడ్వకు అన్నచోట వెనక వరుసలో ఆడవాళ్లు ఒక్కసారిగా ఏడ్చారు. బక్కమ్మ చెయ్యి ఎత్తలేదు. చాప దగ్గరికి వెళ్లి కూర్చుని, చెవులు మూసుకోకుండా, తలూపుతూ వింది.

సైదయ్య మెడలో తువ్వాలు తీసి వేళ్లు తుడుచుకున్నాడు. శ్రీనాథ్‌ను పిలిచి తన స్టూలు చూపించాడు.

"ఇగ నువ్వు కూసో."

"కాకా, నేను కోపంల అన్న. కౌంటర్ల గిట్ల..."

"నువ్వన్నందుకు గాదురా. నాకు ఇనవడ్తలేదు." ఆ మాట బయటికి అనడం కూడా అదే మొదటిసారి. "నడిమి మీటలు తొక్కకు. మనిషి గొంతు గాడనే ఉంటది."

భోజనానికి ఉండమని ఎవరో అన్నారు. ఉండలేదు. ఎండలో రోడ్డు వైపు నడిచాడు, కుడి భుజం రెండు వేళ్లు కిందికి. వెనక నుంచి శ్రీనాథ్ పిలిచాడు, హన్మా పిలిచాడు, ట్రాలీ హారన్ కొట్టాడు. సైదయ్య తిరిగి చూడలేదు. సూర్యాపేట బస్సు ఆగింది, అతను ఎక్కాడు, బస్సు పోయింది.

శ్రీనాథ్ స్టూలు మీద కూర్చుని ఈక్వలైజర్‌ను ముందుకు జరుపుకున్నాడు. ఎడమవైపు ఆరు సందుల్లో ఆరు పుల్లలు ఎర్రటి తలలతో నిటారుగా ఉన్నాయి, కుడివైపు ఏడు సందుల్లో ఏడు నల్ల పుల్లలు పడుకుని ఉన్నాయి.